కట్టు రోజులు లెక్కలోకి రావు

ఏప్రిల్ 27
కాలువ కట్టేశారు. లాకుల కింద బురద, తెగిన చెప్పులు, బీరు సీసాలు. నాన్న ఇక్కడ లస్కరు. గేట్లు ఎత్తడం, దించడం ఆయన పని. మళ్ళీ నీళ్ళు వదిలేదాకా ఆ పని లేదు కాబట్టి గ్రీజు డబ్బా పట్టుకుని తిరుగుతున్నాడు. మా ఇంట్లో ఏడాది ఉగాదికి మారదు, నాన్న గేటెత్తిన రోజున మారుతుంది.

ఒక కథ కోసం నేను తయారు చేసిన ఏడేర్ల రాజ్యం క్యాలెండరూ అంతే. గేటెత్తితే కొత్తనీళ్ళు, వరదొస్తే ఎర్రనీళ్ళు, అలా తొమ్మిది నెలలు. చివర్న కట్టు. అది నెల కాదు. కాలువ కట్టేసిన రోజులు, అంతే. వాటికి అంకెలుండవు. ఆ రోజుల్లో ఎవరికీ వయసు పెరగదు. ఎవరైనా పోయినా లెక్కలోకి రాదు.

అమ్మ మూడేళ్ళ క్రితం మే పద్దెనిమిదిన పోయింది. కట్టు ఎందుకు పెట్టానో ఎవరికీ చెప్పలేదు.

మే 6
రవితేజ ఫోన్ చేశాడు. భీమవరం వాడు, నా కాలేజీ క్లాస్‌మేట్. కథ వాడిది, లోకం నాది. హైదరాబాద్ స్టూడియో మా ఆడియో సీరియల్ ఓకే చేసిందట! ‘లోకసృష్టి: దుర్గాశ్రీ’ అని నా పేరు వేస్తారట. చిన్న చిన్న ఎడిట్స్ ఉంటాయట. ఉండనీ.

మే 7
నాన్నకి చెప్పాను. లస్కరు త్రిమూర్తులని నా పేరు కూడా వేత్తారా అని అడిగాడు.

మే 14
ప్రోమో వచ్చింది. ఎర్రనీళ్ళు కాస్తా రక్తమాసం అయింది. ఏరు నిండా నెత్తురట. వరదనీళ్ళ రంగు ఎప్పుడూ చూడని మొహాలు, పోన్లే అనుకున్నాను.

తర్వాత వచ్చింది అసలుది. ‘కట్టు మాసం, కల్యాణ మాసం!’ తాళి కట్టడమట! వెనకాల సన్నాయి! నేను పనిచేసే డీటీపీ సెంటర్లో పొద్దున్నుంచి పదకొండు శుభలేఖలు కొట్టి ఇంటికొస్తే నా చెవిన పడింది ఇది. అమ్మ పోయిన రోజుల్లో ఊరందరికీ పెళ్ళిళ్ళు చేశారు.

మే 14, సాయంత్రం 5
రవితేజకి ఫోన్ చేసి కడిగేశాను. స్టూడియో ఎడిటర్ సుప్రియగారు కట్టంటే పెళ్ళనుకున్నారట. బాగుంది కదా అన్నారట. నువ్వు చెప్పలేదా అంటే, చిన్నదానికి ఇంత గోలేంటి అన్నాడు రవితేజ.

చిన్నదా! రవితేజ వాళ్ళకి ఇరవై ఎకరాల చేపల చెరువులున్నాయి. కాలువ కట్టేసేలోపు చెరువులు నింపుకోవాలని ఏటా ఇంటిల్లిపాదీ పరుగులు పెట్టే కొంప. కట్టంటే ఏంటో వాడికి తెలియదా? తెలిసీ నోరు మూసుకున్నాడు. వెధవ.

మే 15
సుప్రియగారు స్వయంగా మాట్లాడారు. చాలా మర్యాద. ఏడాదికి ఎన్ని రోజులో లిజనర్స్‌కి తెలియాలి కదండీ అన్నారు. నాకే తెలియదండి, గేటు ఎప్పుడెత్తుతారో ఎవరు చెప్పగలరండి అన్నాను. నవ్వారు. పోనీ పెళ్ళిళ్ళు నచ్చకపోతే ఆ రోజులు తీసేద్దామా అండి అన్నారు.

ఫోన్ పెట్టేశాను.

మే 18
రవితేజ ప్రోమోని స్టేటస్‌లో పెట్టాడు. నాన్న చూశాడు. కాలవ కట్టేత్తే పెళ్ళేంటమ్మా అన్నాడు. ఇంకోసారి పెట్టుకుని విన్నాడు. గ్రీజు డబ్బా తీసుకుని లాకుల మీదకి వెళ్ళిపోయాడు. మధ్యాహ్నం అన్నానికి కూడా రాలేదు. ఇవాళే వినాలా ఆయన?

మే 19
మెయిల్ పెట్టేశాను. క్యాలెండర్ నాది, వెనక్కి తీసుకుంటున్నాను, ఒక్క నెల పేరు కూడా వాడటానికి వీల్లేదు అని.

రవితేజ తొమ్మిదిసార్లు ఫోన్ చేశాడు. ఐదేళ్ళు రాశాను, నా నోటి దగ్గర కూడు తీసేశావు అన్నాడు. ఐదేళ్ళు రాసిన మాట నిజమే. అయితే ఏంటి? ఒక్క ముక్క చెప్పడానికి ఐదేళ్ళు పట్టదు. నాకు ఏడుపొచ్చింది. జాలితో కాదు, ఒళ్ళు మండి.

మే 23
వాళ్ళు వేరే క్యాలెండర్ పెట్టుకున్నారట. పన్నెండు నెలలు, నెలకి ముప్ఫై రోజులు. సీరియల్‌కి వాడి పేరొక్కటే. ఏడవండి.

మే 30
నాన్న నా నోట్‌బుక్ చదువుతూ దొరికిపోయాడు. వచ్చే నెలాఖరుకి ఆయన రిటైర్‌మెంట్. కట్టు పేజీ మీద పెన్సిల్‌తో ఏవో లెక్కలు వేశాడు. ఇరవై తొమ్మిదేళ్ళ కట్టు రోజులన్నీ తీసేత్తే నాకింకా మూడేళ్ళ సర్వీసుందే అమ్మా అన్నాడు.

నవ్వాను. తర్వాత అడిగాడు. మరి మీ అమ్మో అని.

పేజీ మడత పెట్టి, నోట్‌బుక్ అమ్మ ఫొటో కింద పెట్టాడు.

కొత్తనీళ్ళు, 1
నాన్న గేటెత్తాడు.
పైన రాసిందేదీ లెక్కలోది కాదు. అమ్మ పోలేదు.
రవితేజ మీద కోపం ఒక్కటే ఈ ఏటికి తెచ్చుకున్నాను.