ఖాకీ చొక్కా

మార్చి 9
ఆస్పత్రి నుంచి క్వార్టర్‌కి వచ్చాం. పాప లేకుండా వచ్చాం. ఆయన ముందే ఉయ్యాల విప్పి ఎక్కడో పెట్టేసినట్టున్నారు. కొక్కెం మాత్రం ఉంది. పాలు ఇంకిపోవడానికి నర్సు మాత్రలిచ్చింది. గుడ్డ బిగించి కట్టుకోమంది.
కిటికీలోంచి అడవి కనిపిస్తుంది. ఒక్క చెట్టుకీ ఆకు లేదు.

మార్చి 12
లేచాను. గిన్నెలు కడిగాను. పడుకున్నాను.

మార్చి 17
ఆయన డ్యూటీ నుంచి వస్తూ జీపులో దుప్పి పిల్లను తెచ్చారు. తల్లిని రోడ్డు మీద లారీ గుద్దిందట. పిల్లకు ఎడమ చెవి చీలింది, అంతే.
వెనకే రేంజర్ గారు వచ్చారు. దీన్ని పెంచి మళ్ళీ మందలో కలపాలి, మనిషి ముఖం చూడకూడదు, గొంతు వినకూడదు, మచ్చికైతే ఇక అడవికి పనికిరాదు, జూకి పంపడమే అన్నారు. మీ ఆవిడకి నోట్లో నాలుక లేదు కదయ్యా, ఆవిడకే అప్పజెప్పు, మీ గార్డులకిస్తే వాగి వాగి దానికి మాటలు నేర్పేస్తారు అని నవ్వారు. ఆయన నవ్వలేదు. తనిప్పుడు ఎక్కడ చేయగలదు సార్ అన్నారు.
చేస్తానండి అని తలుపు వెనక నుంచి అన్నాను. ఎవరికీ వినపడలేదు. మళ్ళీ అన్నాను.

మార్చి 18
తలకు గోనెసంచి, దానికి రెండు కన్నాలు. ఒంటికి ఆయన పాత యూనిఫాం చొక్కా. పిల్ల బాటిల్ పట్టలేదు.

సాయంత్రం
పట్టింది.

మార్చి 30
అత్తయ్య వచ్చారు. ఇంటి వెనక పిల్లను ఉంచిన షెడ్డులోకి తొంగిచూసి, పోనీలే తల్లీ, ఏదో ఒకటి ఒళ్ళోకొచ్చింది అన్నారు. వెంటనే నాలుక కరుచుకున్నారు. నాకేమీ అనిపించలేదు. అన్నం మాడింది, అంతే.

జూన్ 21
వానలు మొదలయ్యాయి. అడవంతా ఆకు వేసింది. పిల్ల గడ్డి తింటోంది. ఇన్నాళ్ళలో దానితో ఒక్క మాట మాట్లాడలేదు. నిమరలేదు. బాటిల్ పట్టని చెయ్యి వెనక్కి పెట్టుకునేదాన్ని.

జూలై 6
వదిలాం. నేను మామూలు బట్టల్లో నిలబడ్డాను. నా ముఖం చూసి బెదిరి మంద వైపు పోయింది. రేంజర్ గారు శభాష్ అమ్మాయ్ అన్నారు. అప్పుడు ఆయన జీపు దిగారు, యూనిఫాంలో. అది గిర్రున తిరిగి పరిగెత్తుకొచ్చి ఆయన చొక్కా అంచు నోట పట్టుకుంది.
ముఖం దాచాం. గొంతు దాచాం. చొక్కా సంగతి ఎవరికీ తట్టలేదు. డిపార్టుమెంటులో జీతం రాకముందే సంతానం వచ్చేసింది గురూ అని డ్రైవర్ అన్నాడు. నన్ను చూసి ఆగిపోయాడు.

జూలై 8
ఖాకీ ఎక్కడ కనబడితే అక్కడికి పోతోంది. నిన్న చెక్‌పోస్టు దాకా, నడిరోడ్డు మీద నడిచి వచ్చిందట. వాళ్ళమ్మ పోయిన రోడ్డే. రేంజర్ గారు ఆదివారం దాకా చూస్తారట, తర్వాత జూ వ్యానే. లేదంటే ఆ చొక్కాయే దాన్ని తరిమికొట్టాలి అన్నారట.

జూలై 10
ఆయన వెళ్ళి వచ్చారు. రాయి తీసి చెయ్యి ఎత్తితే, బాటిల్ అనుకుని మూతి చాపిందట. నా వల్ల కాదే అన్నారు. మంచం మీద కూర్చుని ఏడ్చారు. ఆస్పత్రిలో ఏడవలేదు. నేను పక్కన కూర్చోవాల్సిందేమో.
నేను వేసుకునే పాత చొక్కా ఉతికారా అని అడిగాను.

జూలై 11
చెక్‌పోస్టు దగ్గరికి వెళ్ళి సంచి వేసుకున్నాను. చొక్కా వేసుకున్నాను. నన్ను చూసి ఎగురుకుంటూ వచ్చింది. పళ్ళెం మీద గరిటెతో వాయించాను. ఆగి, మళ్ళీ వచ్చింది. పో అన్నాను. పోవే అని అరిచాను. నాకంత గొంతుందని నాకే తెలియదు. చెక్‌పోస్టు వాళ్ళు బయటికొచ్చి చూశారు. రాయి విసిరాను. తొడకు తగిలింది. కదలకుండా నన్నే చూసింది. ఇంకోటి విసిరాను.
పోయింది.
ఇంటికొచ్చి గిన్నెలు కడిగాను.

జూలై 29
నీళ్ళ తొట్టి దగ్గర మంద ఉంది. చొక్కా వేసుకునే వెళ్ళాను. చీలిన చెవిది తలెత్తి చూసింది. అన్నిటికంటే ముందు అదే పారిపోయింది.
చొక్కా ముందువైపు తడిసింది. వాన లేదు. పాలు.