అప్పీలు వేసి, గేటు మూసి

కవిటి,
మంగళవారం.

మా ఇంద్రజక్క దివ్య సముఖానికి, నీ ఏకైక తమ్ముడూ, ఇంటి ఆస్థాన న్యాయ సలహాదారూ అయిన జయకృష్ణ సమర్పించుకుంటున్న వాంగ్మూలం.

ఫోనులో చెబితే జోకనుకుంటావని కాగితం మీద పెడుతున్నాను. మన కొబ్బరితోట మధ్య దారిని నాన్న మూస్తానంటే పక్కతోట రామూర్తి మావయ్య కోర్టుకెక్కాడు కదా. ఆయన్ని వారానికి మూడుసార్లు డయాలిసిస్‌కి పలాస తీసుకెళ్లాలి. అందుకని దావా తేలేదాకా ఆటో పట్టేంత దారి వదలమని కింది కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. మనం అప్పీలు వేశాం. ఆ రోజు నేను నల్లకోటు లేకుండానే తీర్పు చెప్పేశాను: "అప్పీలు వేశాం కదా నాన్నా, ఇక ఆ ఆర్డరు అటకెక్కినట్టే." ఆ సాయంత్రమే నాన్న గేటుకి తాళం వేశాడు.

నిన్న పొద్దున్న ఢిల్లీరావు ఆటో గేటు అవతలే ఆగిపోయింది. అతనూ కామేశ్వరత్తా కలిసి మావయ్యని ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి, జీడితోటల చుట్టూ ఇసుకలో ఆటో దాకా మోసుకెళ్లారు. నేను అరుగు మీద పళ్లు తోముకుంటున్నాను. అత్త నన్ను చూసింది. ఒక్క తిట్టు తిట్టలేదక్కా. ఆలస్యమై పలాసలో ఆయన వంతు పోయిందట. రేపు కూడా తప్పితే ప్రాణం మీదికొస్తుందని డాక్టరు అన్నాడట.

టెక్కలి వకీలు గారికి ఫోన్ చేశాను. "అప్పీలు వేస్తే చాలదు, స్టే రావాలి. అంతదాకా ఆర్డరు పాటించాల్సిందే. లేదంటే మీ నాన్నకి జైలు" అన్నారు. స్టే సంగతి శుక్రవారం గానీ తేలదు. నాన్న మాత్రం, "ఇప్పుడు గేటు తీసేత్తే ఓడిపోయినామని ఒప్పుకున్నట్టే కదరా? అటకెక్కిందని నువ్వే కదా సెప్పినావు, లా సదివినోడివి!" అంటున్నాడు.

అసలు నేరం ఇక్కడుంది. లా పాసయ్యానని స్వీట్లు పంచాను చూశావూ, ఒక పేపరు తప్పాను. సరిగ్గా ఈ అప్పీళ్ల పేపరే. రేపు తెల్లారగానే ఆ మాట నాన్నకి చెప్పేస్తాను. అప్పటికీ తాళంచెవి ఇవ్వకపోతే తాళం కోసేస్తాను. రంపం దొరికింది. ధైర్యం కోసమే వెతుకుతున్నాను.

నేరం ఒప్పుకున్న
నీ తమ్ముడు
జయకృష్ణ

కవిటి,
సోమవారం.

అక్కా,

రంపంతో పని పడలేదు. బుధవారం పొద్దున్న పేపరు సంగతి చెప్పేశాను. నాన్న కొట్టలేదు. కొడితే బాగుండేది. "అయితే నేను ఎవుడి మాట ఇని తాళం ఏసినాన్రా?" అన్నాడు. తాళంచెవి తీసుకుని తనే గేటు దాకా నడిచాడు. "ఆర్డరు కోసం తీత్తన్నాను, ఆడి కోసం కాదు" అని కొబ్బరిచెట్లన్నిటికీ వినిపించేలా ప్రకటించాడు.

ఆటో గేటులో నెమ్మదించింది. మావయ్య మొహం ఉబ్బిపోయి ఉంది. రెండేళ్ల తర్వాత ఇద్దరూ అంత దగ్గరగా చూసుకోవడం. మావయ్య ఊపిరి కూడదీసుకుని, "నారాయణా, మూల సెట్టు మొవ్వు కుళ్లిపోతంది. సూసుకోలేదేటి?" అన్నాడు.

"నీ పేనం సూసుకో ముందు!" అని అత్త కసిరింది. ఆటో వెళ్లాక నాన్న ఆ మూలకి పోయి, తలెత్తి ఆ చెట్టు నడినెత్తి చిగురుకేసి చాలాసేపు చూశాడు.

శుక్రవారం మనకి స్టే వచ్చేసింది. అవతలి వకీలు రాలేదట. ఇక చట్టప్రకారం గేటు మూసుకోవచ్చు. గెలిచామని నాన్నకి మెల్లగా చెప్పాను. నాన్న "ఊఁ" అన్నాడంతే.

ఈరోజు పొద్దున్న ఆటో హారన్ వినగానే లేచి గేటుకేసి నడిచాడు. తాళం వేసేస్తాడేమోనని, "నాన్నా, వద్దు!" అంటూ వెనకాలే పరిగెత్తాను. ఆయన గేటు బార్లా తీసి, గాలికి పడిపోకుండా రాయి ఆనించాడు. ఆటో వెళ్లిపోయింది.

"నాన్నా, మనకి స్టే వచ్చింది కదా?"

"కాయితం సేతికొచ్చిందా?"

"లేదు. కాపీకి దరఖాస్తు పెట్టాలి."

"కాయితం లేకండా మూసేత్తే తప్పు కాదేట్రా?"

"పోనీ, రేపు వకీలు గారిచేత పెట్టించనా?"

నాన్న నన్ను ఎగాదిగా చూశాడు. "నిన్నెవుడు పెట్టించమన్నాడు?"

గెలిచిన పక్షం తరఫున,
జయకృష్ణ