మూకీ బొమ్మకి గుమ్మడికాయ వేలం

జ్ఞానకుమారి ఆంటీకి వందనాలు.

ఫోన్లో పంపితే మీరు చూడరు కనక ఉత్తరం రాస్తున్నాను. 1917లో ఈ దేశపు తెల్లవాళ్ల దగ్గర యుద్ధానికి చందాలు రాబట్టడానికి తీసిన మూకీ సినిమా మీద నా థీసిస్. అలాంటి బొమ్మ ఈ రోజుల్లో ఒక్క గుండెనీ కదిలించదని మా ప్రొఫెసర్ వాదన. కదిలిస్తుందని చూపించలేకపోతే నా ఏడాది చదువు పోయినట్టే. శనివారం మా యూనివర్సిటీ హాల్లో ప్రదర్శన. జార్జి అంకుల్ హార్మోనియం వాయిస్తారా? మన తెలుగు చర్చివాళ్లు పదిమంది వచ్చినా చాలు.

మీ ఎవా

ప్రియమైన ఎవాకు ప్రభువు నామంలో దీవెనలు.

నీ ఉత్తరం ఆరాధనలో చదివించాను. యుద్ధమనగానే స్త్రీల సమాజమంతా కళ్లు తుడుచుకుంది. కళావతి సిపాయిలకి మేజోళ్లు అల్లుతోంది. అంకుల్ సరేనన్నారు.

జ్ఞానకుమారి ఆంటీ

తా.క. సిపాయిలు ఆవకాయ తింటారా? కావాలంటే కారం తగ్గిస్తాం.

ఆంటీకి వందనాలు.

ఆ యుద్ధం ముగిసి వందేళ్లు దాటింది. సిపాయిలెవరూ లేరు. దయచేసి ఏమీ తేకండి. వచ్చి ఊరికే చూడండి.

ఎవా

తా.క. మేజోళ్లు కూడా వద్దు.

ఎవమ్మకు దీవెనలు.

యుద్ధం ముగిసిందంటే మంచిదే. కానీ కానుకగా ప్రార్థన చేసి పెట్టినవి తిరిగి ఇంటికి మోసుకుపోతామా? మన చర్చి కోత పండగలో పంట కానుకలకి లాగే వేలం పాడించి, వచ్చిన డబ్బు ఇక్కడి వృద్ధ సైనికుల ఆశ్రమానికి ఇచ్చేస్తాం.

ఆంటీ

తా.క. నీ మాట కాదనలేక ఆవకాయ మానేశాం. గుమ్మడికాయ తెస్తున్నాం.

ఆంటీకి,

తెరమీద ఒక తల్లి యుద్ధానికి వెళ్లిన కొడుకు ఖాళీ కుర్చీ తుడుస్తుంటే, అంకుల్ హార్మోనియం ఆపి, లేచి, గుమ్మడికాయ ఎత్తి “ఒకటోసారి” అన్నారు. నేను బయటికి పారిపోయాను. ఇక ప్రొఫెసర్ మొహం ఎలా చూడను? మీ మీద చాలా కోపంగా ఉంది.

ఎవా

తా.క. హార్మోనియం మాత్రం బాగుంది.

పిచ్చిపిల్లకు దీవెనలు.

చివరిదాకా ఉండాల్సింది. ముందు వరసలో ఒక తెల్లాయన చెయ్యెత్తి మొదటి పాట పాడాడు. క్లారా పెంచితే, ఆయన ఇంకా పెంచాడు. మన క్లారా సంగతి తెలుసుగా, కోత పండగలో ఏనాడూ ఓడలేదు. ఆయన కళ్లు తుడుచుకుంటూనే ఆమెని మించి పాడి కాయ గెలిచాడు. దాన్ని చంకన పెట్టుకుని వచ్చి, తనే నీ ప్రొఫెసర్నని చెప్పాడు. “ఈ బొమ్మ చూసి చందాకి ఒక్క చెయ్యీ లేవదని ఇన్నేళ్లూ రాస్తూ వచ్చాను. మొదట నా చెయ్యే లేచింది. ఎవా గెలిచిందని చెప్పండి” అన్నాడు. హాలంతా చప్పట్లు. నా కడుపు నిండిపోయిందమ్మా.

నీ ఆంటీ

తా.క. ఆయనకి గుమ్మడికాయ పులుసు నేర్పాను. కోత పండగలో కోడిపుంజుని కూడా వేలం వేస్తామంటే, అదెప్పుడని అడుగుతున్నాడు.