మూడో వాసన

శ్రీవారికి మీ ఇల్లాలు నమస్కరించి రాసే సంగతులు.

ఇక్కడ నేనూ, మామయ్యా, మన బుడంకాయా క్షేమం. ఆ కొండ కడుపులో సొరంగం తవ్వుతున్న మీరూ క్షేమంగానే ఉన్నారని నమ్ముతున్నాను. ఉత్తరమన్నాక అందరం క్షేమమని ముందు రాయాలి కాబట్టి రాశాను. అందులో నిజమెంతో మొత్తం చదివాక మీకే తెలుస్తుంది. పిల్ల నిద్రపోతోంది. మామయ్య వరండాలో కూర్చున్నారు. పొయ్యి వెలిగించలేదు కాబట్టి వంటింట్లో నాకు పనేమీ లేదు.

మీ ఉత్తరాన్నీ, నేను బిస్కెట్లు పంపిన డబ్బానీ మొన్న సరుకుల లారీ డ్రైవరు ఇచ్చి వెళ్ళాడు. డబ్బా అడుగున పొడి కూడా మిగల్లేదు. మీ గదిలో ఉండే వెల్డరు నాకి పంపినట్టున్నాడు. వానలకి మీ క్యాంపు ఫోను పడిపోయి మూడు వారాలైంది, బాగుచేసే నాథుడే లేడు. ఒకందుకు అదీ మంచిదే అనుకున్నాను. ఫోనులో మీ గొంతు వినగానే నా నోటికి "అంతా బాగుందండీ" తప్ప ఇంకో మాట రాదు.

మీరు నాలుగు సంగతులు అడిగారు. పిల్ల నడుస్తోందా, దాని వాంతులు తగ్గాయా, నాన్న కంటి ఆపరేషను అయిందా, ఈసారి వెన్న బిస్కెట్లు ఎందుకు మాడాయి అని. మొదటిదానికి జవాబు సులువు. మిగిలిన మూడూ ఒకదానితో ఒకటి ముడిపడి ఉన్నాయి. ఆ ముడి ఒక్కొక్కటిగా విప్పుతాను.

పిల్ల ఇంకా నడవడం లేదు గాని నిలబడుతోంది. ఏది అందితే అది పట్టుకుని లేస్తుంది. కుర్చీ కాలు, తాతయ్య చొక్కా అంచు, పొయ్యి మీటలు, ఏదైనా సరే. లేచి నిలబడి ప్రపంచాన్ని జయించినట్టు నవ్వుతుంది, మరుక్షణం ధబీమని కూలబడుతుంది. పడగానే ఏడవదు. ఎవరైనా చూశారా లేదా అని అటూ ఇటూ చూసుకుని, చూశారని రూఢి చేసుకున్నాకే రాగం ఎత్తుకుంటుంది. అచ్చం మీ పోలికే.

ఇక బిస్కెట్లు. "మీ ఆవిడ ఎవరి మీదో కోపంతో కాల్చినట్టుంది" అని మీ వెల్డరు అన్నాడని రాశారు. కోపం కాదండీ. ఈ షార్ట్‌బ్రెడ్ చెయ్యడంలో పెద్ద విద్యేమీ లేదు. ఒక వంతు పంచదార, రెండు వంతుల వెన్న, మూడు వంతుల పిండి. పిండిలో కాస్త బియ్యప్పిండి కలిపితే నోట్లో పొడిపొడిగా విరుగుతుంది. వేడి అరచేత్తో పిసక్కుండా చల్లటి వేళ్ళతో వెన్నని పిండికి రాయాలి. అదిమి పరిచి, ఫోర్కుతో గుచ్చి, పొయ్యి కింది అరలో పెట్టి తలుపు మూసి సన్నసెగ మీద కాల్చాలి. ఇంతవరకూ ఎవరైనా చేస్తారు. కష్టమంతా దించడంలోనే ఉంది. ఎర్రబడ్డాక తీస్తే అప్పటికే ఆలస్యం. తెల్లగా ఉండగానే తియ్యాలి, తెల్లగా ఉన్నప్పుడు లోపల కాలిందో లేదో కంటికి తెలియదు. అందుకే మా అమ్మ నాకు ముక్కుతో నేర్పింది. మొదట తడిపిండి వాసన వస్తుంది. తరవాత మరిగే పాల వాసన. ఆ తరవాత వేయించిన గింజల వాసన. ఆ మూడో వాసన మొదలైన క్షణాన పొయ్యి తలుపు తెరవాలి. గడియారం చూసి దించేవాళ్ళని మా అమ్మ మనుషుల్లో జమకట్టేది కాదు.

ఆ మూడో వాసన నాకు రావడం లేదు. మొదటిదీ రెండోదీ కూడా రావడం లేదు. అసలు ఏ వాసనా రావడం లేదండీ.

రెండు నెలల కిందట జ్వరం వచ్చి తగ్గిందని రాశాను కదా. తగ్గిన మాట నిజం. పోతూ పోతూ నా ముక్కుని వెంట తీసుకుపోయింది. మొదట పిండి పాతబడిందనుకున్నాను. వెన్న మార్చాను. ఆ తరవాత అనుమానం వచ్చి వెనిగర్ సీసా మూత తీసి గట్టిగా పీల్చాను. కళ్ళ నీళ్ళు తిరిగాయి గాని వాసన లేదు. ఉల్లిపాయ కోశాను. సబ్బు చూశాను. బీరువా తెరిచి మీ స్వెట్టరులో మొహం పెట్టుకున్నాను. అందులో మీరు లేరు. చివరికి పిల్లని ఎత్తుకుని మాడు మీద ముక్కు ఆనించాను. రోజుకి నూరుసార్లు పీల్చుకునే వాసన అది. ఏమీ లేదు. కన్నబిడ్డ చేతుల్లోనే ఉంది, అయినా మా మధ్య గాజు అద్దం ఉన్నట్టు అనిపించి భోరున ఏడ్చాను. అప్పటి నుంచి భయం నన్ను వదల్లేదు.

పిల్ల గుడ్డలు మార్చేటప్పుడు మాత్రం ఇదో వరం అనుకుని ఒకటి రెండుసార్లు నవ్వుకున్నాను. ఆ నవ్వు ఎన్నాళ్ళో నిలవలేదు.

పళ్ళు వస్తున్నాయి, అందుకే వాంతులు అని మీకు రాశాను. అబద్ధం. పొద్దున కాచిన పాలు మధ్యాహ్నానికి పులిసిపోతే నేను పోల్చుకోలేక సీసాలో పోసి పట్టేశాను. పిల్ల మొహం తిప్పుకుంటే మారాం చేస్తోందని కసిరాను కూడా. సాయంత్రానికి అది వడలిపోయిన తోటకూర కాడలా అయిపోయింది. డాక్టరమ్మ "ఏం పట్టావు?" అని అడిగితే తెలియదన్నాను. ఇప్పుడు బాగానే ఉంది, కంగారు పడకండి. ఈ సంగతి మామయ్యకి కూడా తెలియదు. మొట్టమొదట మీకే చెబుతున్నాను.

ఇంతటితో ఆగినా బాగుండేది. గోరుచుట్టు మీద రోకటిపోటు అన్నట్టు, నాలుగు వారాల కిందట ఒక మంగళవారం పొద్దున పదింటికి జరిగింది చెబుతాను, ధైర్యంగా చదవండి. బయట ఈదురుగాలి, కిటికీలన్నీ బిగించి ఉంచాను. పిల్ల నా కాళ్ళ దగ్గరే ఆడుకుంటోంది. పళ్ళెంలో పిండి అదిమి, గుచ్చి, అగ్గిపెట్టె తీశాను. పుల్ల చేతిలోకి తీసుకున్నాను. ముందు గదిలోంచి మామయ్య కేక.

"అమ్మాయ్! వెలిగించకు! అగ్గిపుల్ల వెలిగించకు!"

ఆయన చూపు సంగతి మీకు తెలుసు కదా. ఒక కన్ను ఎప్పుడో పోయింది, రెండో కంటికి మనిషి ఉన్నాడో లేడో మాత్రం ఆనుతుంది. గోడ తడుముకుంటూ, స్టూలుని తన్నేసుకుంటూ వచ్చి నా చేతి మీద ఒక్కటిచ్చారు. పుల్లలన్నీ నేల మీద చెల్లాచెదురయ్యాయి. నాకు ఒళ్ళు మండింది.

"ఏమిటి మామయ్యా ఇది! చిన్నపిల్లని కొట్టినట్టు కొడతారేమిటి?"

ఆయన పొయ్యి మీటలు ఒక్కొక్కటీ తడిమి చూశారు. ఒకటి సగం తిరిగి ఉంది. మన బుడంకాయ దాన్ని పట్టుకునే లేచి నిలబడింది. ఆ మీట తిప్పి కట్టేసి, కిటికీ బార్లా తెరిచి నా వైపు తిరిగారు.

"ఇల్లంతా గ్యాసు కంపు కొడుతుంటే నీకు తెలియడం లేదా?"

"లేదు మామయ్యా."

నా పై ప్రాణాలు పైనే పోయాయి. పిల్లని చంకనేసుకుని పెరటి మెట్ల మీదికి పరిగెత్తాను. అక్కడే కూలబడ్డాను. ఆయన వచ్చి పక్కన కూర్చున్నారు. 

"ఎన్నాళ్ళబట్టి?" అన్నారు.

"జ్వరం వచ్చినప్పటి నుంచీ."

"వాడికి రాశావా?"

"లేదు. భయపడతారని."

"వాడు భయపడతాడని నువ్వు భయపడ్డావు. బాగుంది వరస." తరవాత నా నెత్తి మీద చెయ్యి వేశారు. "నాకు కళ్ళు లేవు, నీకు ముక్కు లేదు. ఇద్దరం కలిస్తే ఒక మనిషికి సరిపోతాంలే, ఊరుకో."

మర్నాడే నన్ను ముక్కు డాక్టరు దగ్గరికి తరిమారు. ఆరు నెలల్లో తిరిగి రావచ్చు, రాకపోనూవచ్చు అన్నాడాయన. గ్యాసు మానేసి కరెంటు పొయ్యి కొన్నాను. వారం తిరక్కుండా దాని వైరు గోడ దగ్గర కమురుతుంటే అదీ మామయ్యే పసిగట్టారు. ముక్కు లేనివాళ్ళకి ఏ పొయ్యైనా ఒకటేనని అప్పుడు తెలిసింది.

ఆ రోజు నుంచి ఆయన వంటింట్లో స్టూలు వేసుకుని కాపలా కూర్చుంటున్నారు. పాలు వాసన చూసి ఇస్తారు. బిస్కెట్లు కాలుతుంటే మూడో వాసన ఆయనే చెబుతారు. ముప్పై ఏళ్ళు దర్జీ పని చేసిన మనిషి కదా, దారం కాలితే కనిపెట్టగలరు గాని వెన్న సంగతి కొత్త. "ఆ, వచ్చేసింది, దించు" అంటారు, తీస్తే పచ్చిపిండి. "ఆగు, ఇంకా రాలేదు" అంటారు, బొగ్గు. మీ వెల్డరు తిన్నవి ఆ రెండో రకం. మేం ఒకరినొకరు దెప్పుకుంటూ, నవ్వుకుంటూ మాడినవే తిన్నాం. ఆ స్టూలు మీద ఆయన ఉన్నంతసేపూ నాకు కొండంత ధైర్యం.

ఇక మీ మూడో ప్రశ్న. ఇక్కడికి వచ్చేసరికి కలం కదలడం లేదు. ఆపరేషను కాలేదండీ. ఆసుపత్రివాళ్ళు వాయిదా వేశారని మామయ్య నాకు చెప్పారు. నేను నమ్మాను. నమ్మడమే కాదు, లోలోపల సంతోషించాను. హమ్మయ్య, ఇంకొన్నాళ్ళు ఇంట్లోనే ఉంటారు అనుకున్నాను.

పన్నెండు రోజుల కిందట ఆసుపత్రి నుంచి ఉత్తరం వచ్చింది. ఆయన చదవలేరు కాబట్టి నేనే విప్పాను. రోగి చెప్పిన రోజుకి రాలేదు, కంట్లో ఒత్తిడి పెరుగుతోంది, ఈ నెల దాటితే నరం దెబ్బతిని ఉన్న చూపు కూడా పోతుంది, పోతే తిరిగి రాదు అని ఉంది. వాళ్ళు వాయిదా వెయ్యలేదు. ఆయనే వెళ్ళలేదు. నన్నూ పిల్లనీ ఒంటరిగా వదల్లేక మానేశారు.

నేనేం చేశానో తెలుసా? ఆ కాగితం మడిచి బియ్యప్పిండి డబ్బా వెనక దాచాను. "ఎవరు రాశారమ్మా?" అంటే "కరెంటు ఆఫీసువాళ్ళు" అన్నాను. రేపు చెబుదాం, ఎల్లుండి చెబుదాం అనుకుంటూ పదకొండు రోజులు గడిపాను. ఆయన వెళ్ళిపోతే స్టూలు ఖాళీ అవుతుంది. ఖాళీ స్టూలు తలుచుకుంటే నా గుండె ఆగినంత పనయ్యేది. నా భయం కోసం ఒక ముసలాయన కన్ను పణంగా పెట్టానండీ. ఆయన మీకు తండ్రి. నాకూ తండ్రి లాంటివారే. తెలిసే చేశాను.

నిన్న పొద్దున పదకొండింటికి, ఎండ వంటింటి గట్టు మీద పడి కళ్ళు జిగేలుమంటున్న వేళ, ఆయన స్టూలు మీంచి అన్నారు.

"మబ్బేసినట్టుంది, లైటు వెయ్యమ్మా."

 వెళ్ళి స్విచ్చి వేశాను. "ఆ, ఇప్పుడు నయం" అన్నారు. తేడా తెలియకపోయినా నాకోసం అన్నారు. ఇక నా వల్ల కాలేదు. డబ్బా వెనక నుంచి కాగితం తీసి, ఆయన కాళ్ళ దగ్గర కూర్చుని, మొదటి నుంచి చివరి దాకా చదివి వినిపించాను. ఎప్పుడు వచ్చిందో కూడా చెప్పాను. తిడతారనుకున్నాను. తిట్టి ఉంటే బాగుండేది.

"నాకు తెలియంది ఇందులో ఏముందమ్మా" అన్నారంతే.

అప్పటికప్పుడు ఆసుపత్రికి ఫోను చేశాను. వచ్చే గురువారం పొద్దున రమ్మన్నారు. ఎనిమిది రోజులు అక్కడే ఉంచుతారట. ఆయన మాత్రం "వాడు ఇంట్లో కాలు పెట్టాకే నేను గడప దాటేది" అని మొండికేశారు. పొయ్యి ముట్టనని ఒట్టు వేస్తానన్నాను. "ఒట్లకి కమురు వాసన తెలుస్తుందా?" అన్నారు. ఇక ఆయనతో ఎవరు వాదించగలరు?

మీ మేస్త్రీ మధ్యలో సెలవు ఇవ్వడని తెలుసు. పని పోతుందంటారేమో, పోతే పోనివ్వండి. మీరు వచ్చి నా మొహం చూసి ఏమంటారోనని భయంగా ఉంది. పులిసిన పాలకి ఏమంటారో, దాచిన కాగితానికి ఏమంటారో. ఏమన్నా పడతాను. ఏమీ అనకుండా ఊరుకుంటారేమోనని ఇంకా భయం. అయినా సరే, రండి.

లారీ డ్రైవరుకి ఆపరేషను సంగతి చెప్పాను. ఈ ట్రిప్పు తరవాత తను మళ్ళీ మీ క్యాంపుకి వచ్చేది వారం తరవాతేనట, అప్పటికి గురువారం దాటిపోతుంది. అందుకని ఈసారి ఈ ఉత్తరం మీ చేతికిచ్చాక కచ్చితంగా గంటసేపు ఆగుతానన్నాడు. అంతకు మించితే చీకటిలో కొండ దిగలేడు. బట్టలు సర్దుకుంటూ కూర్చోకండి, ఉన్నపళంగా ఎక్కండి. ఇంతదాకా చదవడానికి మీకు పది నిమిషాలు పట్టి ఉంటుంది. ఇంకా యాభై ఉన్నాయి.

ఇట్లు,
గడపలో నిలబడి దారి చూస్తున్న
మీ బుడంకాయ తల్లి