అరిగింది బాల్ జాయింటు, నా డ్రైవింగు కాదు

అరకు, శనివారం

నాన్నా,
నేను క్షేమం. ఫోన్లో చెబితే కోపంతో అరిచేస్తానని కార్డు రాస్తున్నాను.

నేను కిరాయికి తోలే నీ పాత కారు గతుకుల్లో ముందు ఎడమ చక్రం దగ్గర టకటకమంటోందని ఇక్కడి మెకానిక్కుకు చూపించాను. చక్రం ముట్టుకోకుండానే, "బండికేటీ అవనేదమ్మా, ఆడోళ్లు ఘాటీలో తోల్తే ఇలాగే వుంటాది" అని నవ్వాడు. నిన్న బేబి అనే నిండు గర్భిణిని పెదబయలు నుంచి ఆసుపత్రికి తెస్తుంటే, మలుపులో బ్రేకు వేయగానే కారు లోయవైపు లాగేసింది. "బేగి పోనీ అక్కా" అని వెనక ఆ పిల్ల ఏడుపు. మెల్లగా తోలుకొచ్చి ఆమెను దించి, తిన్నగా అతని షెడ్డుకే వెళ్లాను. నువ్వు నేర్పినట్టు జాకీతో కారు ఎత్తి, చక్రాన్ని పైనా కిందా పట్టించి అతని చేతే ఊపించాను. చక్రాన్ని పట్టి ఉంచే కింది బాల్ జాయింటు గలగలలాడింది. "అరిగిపోనాదమ్మా" అన్నాడు. తప్పయిందని మాత్రం అనలేదు! దారిలో చక్రం ఊడుంటే కడుపులో బిడ్డతో సహా ముగ్గురం పోయేవాళ్లం.

బేబికి ఆడపిల్ల పుట్టింది, ఇద్దరూ కులాసా. సాలూరులో ఎడమవైపు బాల్ జాయింటు కొని బస్సులో పంపు. అందాకా కారు తీయను. అమ్మ మోకాలి వాపు తగ్గిందా? అచ్చియమ్మత్తకు నా దండాలు. చెల్లి బిందు డ్రైవింగు నేర్చుకుంటానంటే వద్దన్నావట. నువ్వు కూడానా నాన్నా?

నీ కూతురు
రత్న