కరాచీ బావ వీసా

కరాచీ,
10 జనవరి 1959

సుల్తానాబాదుల మగ్గం మీద కూసున్న బాలమల్లు బావకు సముద్రం ఒడ్డు నుంచి మహమూద్ సలాం చేసి రాసేది.

ఇక్కడ మేమందరం బాగున్నం. నా తెలుగు ఒక్కటే జర నీరసపడ్డది. వచ్చి తొమ్మిదేండ్లాయె. ఇంట్ల పిల్లలు ఉర్దూ మాట్లాడుతరు, బజార్ల సింధీ మాట్లాడుతరు, కోపమొస్తే నేనొక్కన్నే తెలుగుల తిట్టుకుంట. ఎవ్వనికీ సమజ్ కాదు గనుక తగాదా కాదు. సర్కారుది కాని మన ఖానిగి బడిల పంతులు చెవి మెలిపెట్టి నేర్పిన అక్షరాలు నీకు ఉత్తరం రాస్తేనే బయటికొస్తయి.

అసలు సంగతి విను. ఈసారి పీరీల పండుగకు వస్త. మా అబ్బాజాన్ పోయినప్పుడు నేను రాలేకపోయిన. ఆయన ఎత్తిన పీరును ఆయన తర్వాత నువ్వు ఎత్తుతున్నవు, నాకు ఆ ధైర్యం ఉన్నది. అయినా ఒక్కసారన్న నా చేతులతోటి ఎత్తకుంటే నా మనసు నిలువదు. ఇక్కడ కూడ మొహర్రం ఉంటది గని, గుండం సుట్టూ డప్పుకు అలాయి ఆడేటోళ్లు లేరు.

రెండు వారాలకు వీసా అడిగిన. ఊర్ల ఎవరున్నరు, నీకేమైతరు అని అడిగిండ్రు. రక్తసంబంధం ఎవ్వరు మిగలలే గద, బాలమల్లు ఉన్నడు, బావ అయితడు అన్న. గుమాస్తాకు బావ తెల్వదు, ఉర్దూల చెప్పమన్నడు. మన ఒక్క మాటకు ఉర్దూల రెండున్నయి. బెహనోయి అంటే అక్కాచెల్లెండ్ల మొగుడు, సాలా అంటే పెండ్లాం తోడబుట్టినోడు. సాలా అంటే నిన్ను తిట్టినట్టుంటదని, మర్యాదకు బెహనోయి అని రాయించిన.

ఇట్లు,
నీ మహమూద్

తా.క.: ముందుగాల నేను హైదరాబాదు దిక్కు పోవాలె అన్న. ఇక్కడ సింధుల కూడ ఒక హైదరాబాదు ఉన్నది. "పొద్దున బండి ఉంటది, ఎక్కిపో, దానికి వీసా ఎందుకు" అని గుమాస్తా నన్ను బయటికి తోలిండు.

~

సుల్తానాబాదు,
30 జనవరి 1959

మహమూద్ బావకు బాలమల్లు శనార్థి.

నీ ఉత్తరం చదివినంక మగ్గం మీద చెయ్యి ఆడలే. పీరుకు కట్టే దట్టీ ఏటా నేనే నేస్త, ఈసారి దానికి జరీ అంచు పెడుతున్న. వానకు కూలిన పీరీల కొట్టం గోడను మట్టి పెట్టి లేపినం. డప్పు అంజన్నకు పండ్లూడినయి గని దెబ్బల జోరు తగ్గలే. నువ్వు వస్తున్నవని చెప్తే, ఇప్పటిసందే డప్పు మంటకు కాపుకుంటుండు.

నిన్న ఠాణా నుంచి అమీన్ సాబ్ నీ విచారణకు వచ్చిండు. అరుగు మీద కూసుండి, "కరాచీ మహమూద్ చెల్లెను చేసుకున్నవట, ఆమెను పిలువు" అన్నడు. నీకు అక్కేది, చెల్లెలేది? లేదంటే నీ వీసా పోతది. భయానికి "ఉన్నది సాబ్, ఇప్పుడు ఇంట్ల లేదు" అన్న. నా పెండ్లాం లస్మవ్వ తలుపు వెనుక నుంచి విన్నది. లస్మవ్వ అరిస్తే నాకు ఫికర్ లేదు. అరవలే.

ఇట్లు,
బాలమల్లు

తా.క.: లస్మవ్వ మొదలు వీసా అంటే వీశె అనుకున్నది. గాయన సన్నగ ఉంటడు గద, తూకానికి సరిపోతడా అని అడిగింది.

~

కరాచీ,
20 ఫిబ్రవరి 1959

బావకు మహమూద్ చేతులు జోడించి రాసేది.

తప్పు నాదే. పోయి బెహనోయి కొట్టేయించి సాలా అని రాయించిన. తిట్టు లెక్క ఉంటే ఉండనీ, నీ సంసారం నిలబడుతది. గుమాస్తా దిద్ది, "చుట్టరికం మళ్ల మారేదుంటే ఒక్కసారే చెప్పు, సిరా ఖర్చయితుంది" అన్నడు.

నేను వస్తనని తెలిసినప్పటిసంది మా ఇంట్ల ఊరి ముచ్చట్లే. నా పెండ్లాం ఖుద్సియాది కరీంనగర్ గద, మొన్న సర్వపిండి చేస్తనని కూసున్నది. ఇక్కడి పిండి గిన్నెకు అంటుకొని ఊడిరాలే. గిన్నె మధ్యల పెట్టుకొని ఇద్దరం గీకినం, నవ్వినం. నవ్వి నవ్వి ఆమె ఏడ్చింది. ఎందుకని నేను అడగలే, నాకు తెలుసు.

ఇట్లు,
మహమూద్

తా.క.: నా చెల్లె ఇంట్ల లేదన్నవు. మరి ఎక్కడున్నదని అడిగితే ఏం చెప్తవో ఆలోచించి పెట్టుకో.

~

సుల్తానాబాదు,
18 మార్చి 1959

మహమూద్ బావకు బాలమల్లు గోడు.

నువ్వు ఆ కాయితం దిద్దించకుంటేనే బాగుండు. అమీన్ సాబ్ మళ్ల వచ్చిండు. "ఓహో, అయితే నీ చెల్లెనే కరాచీకి ఇచ్చినవన్నమాట" అన్నడు. నాకున్నది ఒక్క రామవ్వ, మంథనిల కాపురం చేసుకుంటుంది. విచారణ మంథనికి పోయింది. విచారణ అటు పోంగనే ఆమె మొగుడు దశరథం ఇటు బస్సు దిగిండు. "నేను బతికే ఉన్న గద బావా, కరాచీల ఇంకొకడెవడు" అని అరుగు మీద కూసున్నడు, లేస్తలేడు.

ఆయనను సముదాయించేటందుకు, "రామవ్వ సంగతి కాదు, ముందు రాసిందే నిజం, నేనే మహమూద్ చెల్లెను చేసుకున్ననని రాసిండ్రు" అన్న. లస్మవ్వ బియ్యం చెరుగుతుంది. చాట కింద పెట్టి, బట్టలు మూటగట్టుకొని, గోదావరి అవతల లక్సెట్టిపేటకు తల్లిగారింటికి పోయింది. బస్సు దాక ఎంబడి పడి పోయిన. అతనికి చెల్లెలే లేదే అని మొత్తుకున్న. "లేకుంటే సర్కారోళ్లు ఊకెనే రాస్తరా" అన్నది.

ఇట్లు పరేషాన్ల,
బాలమల్లు

తా.క.: వంట నేనే చేస్తున్న. నిన్న పప్పుల ఉప్పు రెండుమాట్ల పడ్డది. అది తిన్నంక దశరథం రేపు పోతనంటుండు.

~

కరాచీ,
5 ఏప్రిల్ 1959

బావా,

నా పండుగ కోసం నీ ఇల్లు చెదరొద్దు. పోయి ఉన్నదున్నట్టు చెప్పిన. బాలమల్లు నాకు చుట్టం కాదు, చిన్ననాటి దోస్తు అన్న. గుమాస్తా కలం కింద పెట్టిండు. "మరి బావ అని ఎందుకంటవు" అన్నడు. ఎంత దేవులాడినా యాదికి రాలే. బడిల మనం ఒరేయ్ అనుకునేటోళ్లం గద. ఎప్పటిసంది బావలమైనం? నీకన్న యాదికున్నదా?

దోస్తు కోసం వీసా ఇయ్యరట, దగ్గరి చుట్టం కావాలెనట. కాయితం వాపస్ వచ్చింది. ఆఫీసు మెట్ల మీద కొంచెంసేపు కూసున్న. ఇంటికి పోయి ఖుద్సియాకు ఎట్ల చెప్పాలె అనుకున్న. ఆమె నా మొఖం చూసి, సంచిల పెట్టిన బట్టలు తీసి మళ్ల పెట్టెల పెట్టింది.

పీరు ఎత్తేటప్పుడు నా పేరు మీద ఒక పిడికెడు ఊదు ఎయ్యి. ఈ ఉత్తరం పట్టుకపోయి లస్మవ్వకు చూపించు. నాకు చెల్లె లేదు. ఇది నా చేతితోటి రాస్తున్న.

ఇట్లు,
మహమూద్

తా.క.: "దోస్తు అని ముందే చెప్తే ముందే వద్దనేటోన్ని, సిరా అన్న మిగులు" అన్నడు గుమాస్తా. మంచోడే, నాతోపాటు ఆయనా బాధపడ్డడు.

~

లక్సెట్టిపేట,
25 ఏప్రిల్ 1959

లస్మవ్వ చెప్తుంటే ఆమె మొగుడు నోరు మూసుకొని రాసేది.

మహమూదన్నా, గీయన నీ ఉత్తరం తెచ్చి నా ముందట సదివిండు. నాకు చెల్లె లేదని రాసినవు. గంత మాట ఎట్ల రాయబుద్ధయింది నీకు. గా చెల్లె ఎవతో అని మొదలు కోపమొచ్చింది. లేనే లేదన్నంక ఇంకింత కోపమొచ్చింది.

మీ ఇద్దరికి యాదిలేదట. నాకున్నది. నా పెండ్లి గీ లక్సెట్టిపేటలనే అయ్యింది. నువ్వు పిలగాని దోస్తువని వచ్చినవు. అప్పగింతలప్పుడు ఆడివిల్ల చెయ్యి వట్టి బండెక్కియ్యాలంటే అన్నదమ్ముడు కావాలె. మా బాపుకు కొడుకులు లేరు. ఆడోళ్లు గుసగుసలు వెట్టిండ్రు, మా బాపు తల దించుకున్నడు. గప్పుడు నువ్వు పిలగానోళ్ల గుంపుల నుంచి ఇవతలికి వచ్చి, నేను లేనా అన్నవు. నా చెయ్యి వట్టి బండెక్కిచ్చినవు. ఎక్కిచ్చి, "బావా, మా చెల్లెను మంచిగ చూసుకో" అని గీయనతోని అన్నవు. గాడికెంచి మీరు బావలు. బావ అని పిలుసుకుంట తిరిగిండ్రు గని, నడుమల చెల్లెను మరిసిండ్రు.

ఉత్తరం ఇన్నంక ఇక్కడి ఠాణాకు నేనే పోయిన. కరాచీ మహమూద్ చెల్లె ఏదని దేవులాడుతున్నరట గద సాబ్, నేనే అన్న. "నువ్వు సాలెల ఆడిబిడ్డవు, ఆయన ముసల్మాన్, ఎట్ల కుదురుతది" అన్నడు ఇక్కడి అమీన్. నా పెండ్లినాడు గీ మాట ఎవ్వరు అడగలే సాబ్, మీరు జర ఆలస్యంగ వచ్చిండ్రు అన్న. నవ్విండు, రాసుకున్నడు. నేను ఏలిముద్ర ఏసిన.

వచ్చేటప్పుడు ఉట్టి చేతులతోని రాకు. చెల్లె కాడికి అన్న చీర తేవాలె. ఖుద్సియా వదినెను సర్వపిండికి గిన్నెల నూనె ఎక్కువ పొయ్యుమను.

ఇట్లు,
నీ చెల్లె లస్మవ్వ

తా.క.: నోరు మూసుకొని అనే మాట నేను రాయనన్న. రాసినంకనే అన్నం పెట్టింది. — బాలమల్లు

~

కరాచీ,
28 మే 1959

చెల్లె లస్మవ్వకు, ఆమె పక్కన ఉన్న బావకు.

నీ ఉత్తరం చదివినంక నాకు అన్నీ యాదికొచ్చినయి. బండి ఎక్కేటప్పుడు నువ్వు నా చొక్కా పట్టుకొని ఏడ్చినవు, నాకు కూడ ఏడుపొచ్చింది, పెండ్లికొడుకు దిక్కోడు ఏడుస్తుండని అందరూ నవ్విండ్రు. అంత పెద్ద సంగతి ఎట్ల మరిచిన్నో నాకు సిగ్గైతుంది.

వీసా వచ్చింది. నీ వాంగ్మూలం ఇక్కడికి చేరినంక, వాపసిచ్చిన కాయితాన్ని మళ్ల తీసుకున్నరు. గుమాస్తా తాను కొట్టేసిన బెహనోయిని మళ్ల రాసిండు. కొత్త సిరా బుడ్డి తెచ్చుకున్నడట.

ఒక్కటే కష్టం. వీసా మీద ఏ ఊరు ఉంటే ఆ ఊర్లనే ఉండాలె, వేరే ఊర్ల కాలు పెట్టొద్దు. చెల్లె వాంగ్మూలం లక్సెట్టిపేటల ఇచ్చింది గనుక లక్సెట్టిపేట అనే ఉన్నది. సుల్తానాబాదు లేదు. చేర్పించాలంటే మళ్ల విచారణ, అప్పటికి పండుగ దాటుతది. అయినా వస్త. చెల్లెను చూస్త. పండుగనాడు గోదావరి ఒడ్డున నిలబడి మన ఊరి దిక్కు చూస్త. అంత దూరం డప్పు వినబడదు, తెలుసు.

ఇట్లు,
మహమూద్

తా.క.: చీర కొన్నం. రంగు ఖుద్సియా చెప్పొద్దన్నది. ఆకుపచ్చ.

~

సుల్తానాబాదు,
10 జూన్ 1959

మహమూద్ బావకు, బెహనోయి బాలమల్లు శనార్థి.

లస్మవ్వ ఇంటికి వచ్చింది. పప్పు మళ్ల పప్పు లెక్క ఉన్నది.

నీ ఉత్తరం కొట్టం ముందట అందరికీ చదివి వినిపించిన. అంజన్న డప్పును పక్కన పెట్టిండు. పీరీల కొట్టం చూసుకునే ముజావర్ ఇబ్రాహీం తాత తస్బీ పూసలు తిప్పుకుంట కూసున్నడు. "మహమూద్ సుల్తానాబాదుకు రావొద్దని రాసిండ్రు. పీరు లక్సెట్టిపేటకు పోవొద్దని ఎవరన్న రాసిండ్రా" అన్నడు. పక్కూరి పీరీలను కలువబోవుడు మన దగ్గర మామూలే గద. గోదావరి దాటి ఇంతవరకు పోలే, అంతే.

అందుకని పండుగనాడు మీ బాపు ఎత్తిన పీరుకు జరీ అంచు దట్టీ కట్టి, డప్పు తోటి, రొట్టె, బెల్లం కలిపిన మాలీద గంపల తోటి మేమే వస్తున్నం. పడవల కూడ నేనే పట్టుకొని అవతలి ఒడ్డు దాక ఎత్తుకొస్త. అక్కడ నువ్వు ఎత్తుకోవాలె. నా చేతుల నుంచి నీ చేతులకు ఇచ్చుడే, మధ్యల కింద పెట్టేది లేదు. మన ఊరి దిక్కు చూస్తనన్నవు గద, చూసుకుంట నిలబడు. మీ బాపు పీరు నీ దిక్కే వస్తుంటది.

ఇట్లు,
నీ బావ బాలమల్లు

తా.క.: పడవ మాట్లాడి వచ్చిన. ఎవరెవరు ఎక్కుతరని పడవాయన అడిగిండు. పీరు, పీరు ఎంబడి మేము అన్న. ఆ పీరు మీకేమైతడని మాత్రం అడగలే.