కేసులో లేని ఐలయ్య

కోరుట్ల

తమ్ముడు మదన్ మోహన్‌కు,

నేను బాగానే ఉన్నాను. నాన్న చేనులో వాటా కోసం నేను కేసు వేసినప్పటి నుంచి నువ్వు నా ఫోన్ ఎత్తడం లేదు, అందుకే ఈ కార్డు. పోస్ట్‌మ్యాన్ చదివితే చదవనీ.

కేసు తేలేదాకా చేనులోకి ఎవ్వరూ పోవద్దని స్టే వచ్చింది కదా, దాంతో అక్కడ తాటిచెట్లు గీసే ఐలయ్య కూడా ఆగిపోయాడు. తన మాట కూడా వినమని నిన్న కోర్టుకు వచ్చాడు. కేసులో లేనివాడి మాట వినొద్దని నా వకీలు లేచాడు, వెంటనే నీ వకీలూ లేచాడు. ఇన్నాళ్ళకు మనం ఒక్కటైంది అక్కడే! వినకుండా ఎట్లా తోసేస్తామని జడ్జి ఇద్దరినీ కూర్చోబెట్టి, మన జవాబు సోమవారం చెప్పమన్నాడు.

బయట ఐలయ్య, "అమ్మా, మీ పంచాయితి మీరు తెంపుకోండ్రి. రోజూ గీయకుంటే కల్లు కారే గొలలు ఎండిపోతయ్. చెట్లకు స్టే సంగతి ఏమెరుక?" అన్నాడు.

మరదలి మోకాళ్ళ నొప్పి తగ్గిందా? అమ్మ ఇత్తడి గంగాళం నీ దగ్గరే ఉంచుకో, దానికి కేసు వెయ్యను.

సోమవారం లేవొద్దని నా వకీలుకు చెప్పాను. నీ వకీలుకు నువ్వు చెప్పు. మేనకోడలు సంజనకు నా దీవెనలు. నా ఫోన్ ఎత్తకపోతే మానెయ్, ఐలయ్యను మాత్రం చెట్టెక్కనియ్యి.

అక్క రత్నమాల